నటన రాదు, ఏడు వారాల్లో మొదటి సినిమా: ఏం చెయ్యమంటారు?

కొత్తముఖం

అందరికీ నమస్కారం. రెండేళ్లుగా ఈ వేదికలో చదువుతున్నాను, రాయడం ఇదే మొదటిసారి.

నాకు 19. నాటకాలు వెయ్యలేదు, ఏ శిక్షణా లేదు. స్కూల్లో ఒకసారి స్టేజీ ఎక్కించి పద్యం చెప్పమంటే రెండో పాదం దగ్గర ఆగిపోయి ఏడుస్తూ దిగొచ్చాను. అలాంటిది ఇప్పుడో సినిమాలో ప్రధాన పాత్ర వచ్చింది. పెద్ద సినిమా కాదు. పాటలు లేవు, యూనిట్ మొత్తం కలిపి ఇరవై మంది ఉండరు. ఫెస్టివల్స్‌కి పంపాలని తీస్తున్నారు.

అవకాశం వచ్చిన తీరు చెబితే నవ్వుతారు. ఒక ఫిల్మ్ క్లబ్‌లో ఈ దర్శకుడు తన షార్ట్ ఫిల్మ్ వేసి అభిప్రాయాలు అడిగారు. "మధ్యలో నాకు నిద్రొచ్చింది. ఆ అమ్మాయి కిటికీ దగ్గర అంతసేపు ఎందుకు నిలబడిందో చెప్పండి" అన్నాను. పది నిమిషాలు వాదించుకున్నాం. రెండు నెలల తర్వాత ఫోన్ చేసి టెస్ట్ షూట్‌కి రమ్మన్నారు.

ఇప్పుడు సమస్య. స్క్రిప్ట్ ఇవ్వనంటున్నారు. కథ రెండు ముక్కల్లో చెప్పారు: నేను బట్టలు కుట్టే పిల్లని, ఇంట్లో తాతయ్య ఉంటాడు, ఎటో వెళ్లిన నాన్న కోసం ఎదురుచూస్తుంటాం. ఏం చెయ్యాలని అడిగితే "నటించొద్దు, నీలా ఉండు" అంటారు. కెమెరా పెట్టి, లైటు వేసి, పదిమంది ఊపిరి బిగబట్టి చూస్తుంటే నాలా ఎలా ఉంటాను? టెస్ట్ షూట్ చూసుకున్నాను. నా చేతులు ఎవరివో తెచ్చి అతికించినట్టున్నాయి. షూటింగ్‌కి ఏడు వారాలుంది, టెన్షన్‌తో నిద్ర పట్టట్లేదు. ఈలోపు ఏదైనా యాక్టింగ్ కోర్సులో చేరనా? ఆయన వద్దంటున్నారు.

ఒక్కటేమాట

అగ్రిమెంటు మీద సంతకం పెట్టావా? పెట్టకపోతే ముందు అది చదువు. నటన తర్వాత.

చివరివరుస

తమ్ముడూ, కంగారు పడకు. నీకంటే ముందు చాలామంది ఇలాగే వచ్చారు.

ఫ్రెంచ్ దర్శకుడు త్రుఫో మొదటి పూర్తి నిడివి సినిమా '400 బ్లోస్' 1959లో వచ్చింది. తీసేటప్పటికి అందులో కుర్రాడు ఝాన్ పియేర్ లియోకి 14 ఏళ్లు. ఒక సీన్‌లో మానసిక నిపుణురాలు వాణ్ణి ప్రశ్నలడుగుతుంది. ఆవిడ కనిపించదు, గొంతే వినిపిస్తుంది. షూటింగ్ రోజున ఎదురుగా కూర్చుని అడిగింది త్రుఫోనే, ఆవిడ గొంతు తర్వాత కలిపారు. జవాబులు రాసివ్వలేదు. వాడు బల్ల మీద వేళ్లాడిస్తూ, మధ్యలో సిగ్గుపడి నవ్వుతూ సొంత మాటల్లో చెప్పుకుంటూ పోయాడు. అరవై ఏళ్లు దాటినా ఆ సీన్ చూస్తుంటే ఎవరి డైరీనో దొంగతనంగా చదువుతున్నట్టు ఉంటుంది.

స్క్రిప్ట్ ఇవ్వకపోవడం కూడా కొత్తేం కాదు. 2004లో వచ్చిన 'నోబడీ నోస్' తీసేటప్పుడు జపాన్ దర్శకుడు కొరేఎడా పిల్లలకి స్క్రిప్ట్ ఇవ్వలేదు. మాటలు అక్కడికక్కడ నోటితో చెప్పాడు. దాదాపు ఏడాది పాటు తీశారు, తెరమీద పిల్లలు నిజంగానే ఎదుగుతుంటారు. అందులో పెద్ద పిల్లాడుగా వేసిన యూయా యాగిరాకి కాన్స్ ఫెస్టివల్‌లో ఉత్తమ నటుడి అవార్డు వచ్చింది. అప్పటికి వాడి వయసు 14.

ఇక నువ్వు వాదించి అవకాశం తెచ్చుకోవడం అంటావా, 2009లో వచ్చిన 'ఫిష్ ట్యాంక్' నాయిక కేటీ జార్విస్‌ని రైల్వే స్టేషన్‌లో బాయ్‌ఫ్రెండ్‌తో గొడవపడుతుంటే చూసి ఎంచుకున్నారు. పోట్లాట కూడా ఒక అర్హతే.

రంగులపెట్టె

పై పోస్టు బాగుంది గానీ, అవన్నీ గెలిచినవాళ్ల కథలు. శిక్షణ లేకుండా కెమెరా ముందుకొచ్చి, ఎడిటింగ్‌లో సగం పాత్ర ఎగిరిపోయినవాళ్ల గురించి ఎవరూ పోస్టులు రాయరు. నేను ఇరవై ఏళ్లుగా రంగస్థలం మీద పిల్లలకి నేర్పుతున్నాను, నా మాట కూడా వినండి.

"నీలా ఉండు" అనడం దర్శకుడు తన పనిని నీ నెత్తిన పెట్టడమే. ఎలా ఉండాలో ఆయనకే తెలియనప్పుడు వచ్చే మాట అది.

అయినా నెల రోజుల కోర్సు వద్దనే అంటాను. ఆ నెలలో వాళ్లు కోపం, బాధ, ఆశ్చర్యం అంటూ ముఖానికి బొమ్మలు నేర్పుతారు. వాటిని వదిలించుకోవడానికి మళ్లీ ఆరు నెలలు కావాలి.

నువ్వు వేసేది బట్టలు కుట్టే అమ్మాయి కదా? మిషన్ తొక్కడం వచ్చా? రాకపోతే ఈ ఏడు వారాలు అది నేర్చుకో. మన తెలుగులోనే 2006లో 'వనజ' వచ్చింది, మరుసటి ఏడాది బెర్లిన్ ఫెస్టివల్‌లో ఉత్తమ తొలి చిత్రంగా అవార్డు తెచ్చుకుంది. నాయికగా వేసిన మమతా భూక్యాకి అంతకుముందు నటనలో అనుభవం లేదు. అందరూ అక్కడితో ఆపేస్తారు. ఆ పాత్ర కోసం ఆ పిల్ల ఏడాది పాటు కూచిపూడి నేర్చుకుందన్న సంగతి మాత్రం ఎవరూ ఎత్తరు. మరి అది శిక్షణ కాక ఏమిటి? "శిక్షణ లేని నటి" అని పోస్టర్ మీద వేసుకోవడానికి బాగుంటుంది, అంతే.

కొత్తముఖం

చివరివరుస గారూ, తమ్ముణ్ణి కాదు, చెల్లెల్ని :)

రంగులపెట్టె మేడమ్, మీరు చెప్పింది చదవగానే దర్శకుడికి ఫోన్ చేశాను. "మిషన్ మీద కూర్చోబెట్టి తీస్తాం, చేతులకి వేరేవాళ్లని పెడదామనుకున్నాం" అన్నారు. నేర్చుకుంటానన్నాను. కాసేపు ఏం మాట్లాడలేదు, తర్వాత "అయితే ఇంకా మంచిది" అన్నారు. రేపటి నుంచి రోజుకి మూడు గంటలు కుట్టు. అగ్రిమెంటు ఇంకా ఇవ్వలేదు, అడుగుతాను.

చివరివరుస

క్షమించు తల్లీ. చేతులు మనవే ఉంటే ఎడిటర్ బతికిపోతాడు, అది మాత్రం ఖాయం.

తెరవెనుక

అసిస్టెంట్ డైరెక్టర్‌గా తొమ్మిది సినిమాలు చేశాను, అందులో నాలుగింటిలో కొత్తవాళ్లే. రంగులపెట్టె గారి మొదటి మాటతో ఒప్పుకుంటాను. "నటించొద్దు" అన్న సూచనతో ఎవరికీ ఉపయోగం లేదు. ఏం చెయ్యకూడదో చెబితే మనిషి బిగుసుకుపోతాడు. చెయ్యడానికి పని కావాలి.

ఇక్కడ అందరికీ తెలిసిన ఉదాహరణే చెబుతాను. 'పథేర్ పాంచాలి' (1955)లో అపు రెల్లు పొలంలో అక్కని వెతుక్కుంటూ నడవాలి. సుబీర్ బెనర్జీ అనే ఆ చిన్న పిల్లాడు నడిస్తే తిన్నగా, బొమ్మలా నడుస్తున్నాడు. "వెతుకుతున్నట్టు నడు" అంటే వాడికేం తెలుస్తుంది? దర్శకుడు సత్యజిత్ రాయ్ దారిలో అక్కడక్కడా పుల్లలు పెట్టించి దాటుకుంటూ రమ్మన్నారు. రెల్లు చాటున వేర్వేరు చోట్ల మనుషుల్ని నిలబెట్టి పిలిపించారు, పిలుపు వచ్చిన వైపు చూడమన్నారు. వాడు ఆగుతాడు, తిరుగుతాడు, అడుగు ఎత్తి వేస్తాడు. చూసేవాళ్లకి అది వెతుకులాట. వాడికి మాత్రం పుల్లలు దాటడం.

కాబట్టి అమ్మా, "నీలా ఉండు" అన్నప్పుడల్లా ఒకటే అడుగు: "సార్, ఇప్పుడు నేనేం పని చేస్తున్నాను? అది ఎప్పటికి అయిపోవాలి?" మంచి దర్శకుడైతే వెంటనే జవాబు చెబుతాడు. చెప్పలేకపోతే ఆయనే ఆలోచించుకుంటాడు, అదీ లాభమే.

ఇక సెట్‌లో నిన్ను నిజంగా ఇబ్బంది పెట్టేవి వేరే ఉన్నాయి. నేల మీద టేపు అంటించి మార్క్ పెడతారు. కిందికి చూడకుండా అక్కడికొచ్చి ఆగాలి. అడుగులు లెక్కపెట్టుకో, మార్క్ దగ్గర నుంచి వెనక్కి నడుచుకుంటూ మొదలుపెట్టే చోటికి వెళ్తే లెక్క దానంతటదే వస్తుంది. రెండోది లుక్. క్లోజప్‌లో ఎదుటి మనిషిని చూడాలంటే ఒక్కోసారి ఆయన ఉన్నచోటు కాకుండా కెమెరా పక్కన పిడికిలి చూడమంటారు. పిడికిలిని చూసి తాతయ్యా అనడం మొదట్లో నవ్వొస్తుంది. మూడోది కంటిన్యుటీ. వైడ్‌లో, అంటే దూరం నుంచి తీసే షాట్‌లో, ఏ మాట దగ్గర గ్లాసు ఎత్తావో క్లోజప్‌లోనూ అక్కడే ఎత్తాలి. కొత్తవాళ్లు ఎక్కువ దెబ్బ తినేది దీనితోనే. అందుకని మొదటి టేక్‌లో చేతులతో తక్కువ పనులు పెట్టుకో. ఎంత తక్కువ చేస్తే అంత తక్కువ గుర్తుపెట్టుకోవాలి.

కత్తెర

ఎడిటర్ని. ఒకటే చెబుతాను. డైలాగ్ చెప్పేశాక వెంటనే దర్శకుడి వైపు చూడకు. "బాగా చేశానా" అని కళ్లు కెమెరా పక్కకి వెళ్తాయి, కొత్తవాళ్లందరికీ ఉన్న జబ్బు ఇది. నాకు కావలసింది ఆ మాట అయిపోయిన తర్వాతి రెండు సెకన్లు. అవి పోతే షాట్ పోయినట్టే. కట్ వినబడేదాకా నువ్వు ఆ ఇంట్లోనే ఉండు.

భావాల గురించి బెంగ పెట్టుకోకు. కులెషోవ్ అనే రష్యన్ ఒకే ముఖం షాట్ పక్కన వేర్వేరు షాట్లు అతికి చూపించాడని సినిమా క్లాసుల్లో మొదటిరోజే చెబుతారు. సూప్ గిన్నె పక్కన పెడితే ఆకలి, శవపేటిక పక్కన పెడితే దుఃఖం. ముఖం మాత్రం అదే. మా బతుకంతా ఆ అతుకుల మీదే. నువ్వు నిండుగా చూడు చాలు, మిగతా సగం మాకు వదిలెయ్.

మూడోగంట

ఆ సూప్ గిన్నె కథ చెప్పేవాళ్లెవరూ ఆ ముఖం ఎవరిదో చెప్పరు. ఇవాన్ మొజుకిన్, అప్పటికే పేరున్న నటుడు. దారినపోయే దానయ్య ముఖం కాదు. ఖాళీగా కనిపించడానికి కూడా పనితనం కావాలి.

కత్తెర

అది నిజమే, ఒప్పుకున్నాను.

బూమ్‌కర్ర

సౌండ్ వాళ్లని ఎవరూ తలుచుకోరు కాబట్టి నేనే వస్తున్నాను. సింక్ సౌండా (అంటే షూటింగ్‌లోనే గొంతు రికార్డు చెయ్యడం), డబ్బింగా? ముందు అది అడుగు. సింక్ అయితే ఆర్ట్ సినిమా అనగానే గుసగుసలాడకు. సహజంగా ఉండాలని కొత్తవాళ్లు గొంతు మింగేస్తారు. ఇంట్లో పక్కగదిలో ఉన్న మనిషిని పిలిచేటప్పుడు ఎలా మాట్లాడతావో అలా మాట్లాడు. బట్టలకి తగిలించే ల్యాపెల్ మైక్ పెట్టాక గుండె మీద చెయ్యి వేసుకోకు, నా చెవిలో కొండ విరిగిపడ్డట్టు వినిపిస్తుంది. మైక్ ఉందని మర్చిపోయి పక్కకెళ్లి దర్శకుణ్ణి తిట్టుకోకు కూడా. అన్నీ వింటాం, ఎవరికీ చెప్పం, కానీ వింటాం.

లొకేషన్‌లో పని అయ్యాక రూమ్ టోన్ తీస్తాం, అంటే ఎవరూ మాట్లాడనప్పుడు ఆ చోట ఉండే చప్పుడు. ఒక నిమిషం అందరూ కదలకుండా నిలబడాలి. ఆ ఒక్క నిమిషం ఎవరో ఒకరు కదులుతారు. ప్రతి సినిమాలో. ఆ ఒకరు నువ్వు కాకు.

మూడోగంట

ఒక మాట అడుగుతాను, ఎవరూ కోపగించుకోవద్దు. ఇదంతా విన్నాక అనిపిస్తోంది, పుల్లలు పెట్టింది దర్శకుడు, చూపు చెప్పింది అసిస్టెంటు, దుఃఖం అతికింది ఎడిటరు. మరి అవార్డు పిల్లకి ఎందుకు? 1999 కాన్స్ గుర్తుందా? దర్శకుడు క్రోనెన్‌బర్గ్ అధ్యక్షుడిగా ఉన్న జ్యూరీ ఉత్తమ నటుడిగా 'ల్యుమానితే'లో వేసిన ఎమాన్యుయేల్ షొట్టేని, ఉత్తమ నటిగా అదే సినిమాలోని సెవరీన్ కనేల్‌నీ, 'రోజెత్తా'లోని ఎమిలీ దెకెన్‌నీ ఎంచింది. ముగ్గురికీ అదే మొదటి సినిమా. అప్పుడు పెద్ద రగడ అయ్యింది. ఏళ్లతరబడి గొంతు అరగదీసుకున్న నటులకి అది అవమానం కాదా?

చివరివరుస

'రోజెత్తా' చూసి ఈ మాట అంటున్నారా? కెమెరా ఆ పిల్ల మెడ వెనకాలే పరిగెడుతుంటే తొంభై నిమిషాలు సినిమాని ఒంటిచేత్తో మోసింది. పుల్లలు పెడితే వచ్చేది కాదది. ఫ్రెంచ్ దర్శకుడు బ్రెస్సాన్ అయితే తనవాళ్లని నటులనే అనలేదు, 'మోడల్స్' అన్నాడు. అదే షాట్ మళ్లీ మళ్లీ చేయించి, కావాలని పెట్టే భావాలన్నీ అరిగిపోయాక మిగిలినదే తీసుకున్నాడు. దాన్ని ఏమని పిలిచినా తెరమీద ఉన్నది ఆ మనిషే కదా.

మూడోగంట

అవునండీ, ఆ మనిషి ఉన్నాడు. రెండో సినిమాలో కూడా ఉంటాడా అని నా ప్రశ్న.

నిర్వాహకుడు

ఇద్దరూ కాస్త నెమ్మది. అవార్డుల గొడవకి వేరే చర్చ ఉంది, అక్కడికి వెళ్లండి. ఈ అమ్మాయి సలహా అడిగింది.

పాతరీలు

ఈ చర్చ మూడుసార్లు తెరిచి మూసేశాను. చివరికి రాస్తున్నాను.

నాకు పదమూడేళ్లప్పుడు ఒక సినిమాలో వేశాను. పేరు చెప్పను. అవార్డులు వచ్చాయి, ఫిల్మ్ క్లబ్బుల్లో ఇప్పటికీ వేస్తారు. అందులో నేను ఏడ్చే సీన్ ఉంది. దాని గురించి వ్యాసాలు రాశారు. ఆ రోజు జరిగింది ఇది: నాకు ఏడుపు రావట్లేదు, సాయంత్రం వెలుతురు పోతోంది. ఒకాయన వచ్చి, ఇంటి నుంచి కబురొచ్చిందనీ మా కుక్క బండి కిందపడి చచ్చిపోయిందనీ చెప్పాడు. కెమెరా అప్పటికే నడుస్తోంది. షాట్ అయ్యాక అందరూ నవ్వుతూ అబద్ధమని చెప్పి, చప్పట్లు కొట్టి, భుజం తట్టారు. నేనూ నవ్వాను. ఇంటికెళ్లి కుక్కని పట్టుకుని మళ్లీ ఏడ్చాను, ఆ ఏడుపు ఎందుకో ఇప్పటికీ తెలియదు.

ఆ సీన్ వచ్చేటప్పటికి నేను హాల్లోంచి లేచి బయటికి వెళ్తాను. ఎప్పుడూ చూడలేదు.

ఇలాంటివి గొప్ప సినిమాల్లోనూ జరిగాయి. కెన్ లోచ్ 'కెస్' (1969)లో హెడ్‌మాస్టర్ పిల్లల చేతుల మీద బెత్తంతో కొట్టే సీన్ ఉంది, దెబ్బలు నిజంవే. ముఖాల్లో ఆ ఉలికిపాటు కూడా నిజమే. సినిమా గొప్పదని నేనూ అంటాను. ఆ రెండు సంగతులూ ఒకేసారి మనసులో పెట్టుకోవడం కష్టం.

అందుకని అమ్మాయ్, స్క్రిప్ట్ ఇవ్వకపోయినా పర్వాలేదు. ఎదుటివాళ్లు ఏం మాట్లాడతారో నీకు చెప్పకుండా తియ్యడం వేరు, నీ జీవితం గురించి నీకు అబద్ధం చెప్పడం వేరు. మొదటిది ఆట, ఇద్దరికీ తెలిసే ఆడతారు. రెండోదానికి నువ్వు ముందే హద్దు గియ్యి. మాటలతోనే చెప్పు, మొహమాటపడకు. నీకిప్పుడు 19, నాకప్పుడు 13. నీకు నోరుంది, ఫిల్మ్ క్లబ్‌లో చూపించావు కూడా.

ఇంకొకటి, సినిమా అయ్యాక సంగతి. 'బైసికిల్ థీవ్స్' (1948)లో తండ్రి వేషం వేసిన లంబెర్తో మజ్జొరానీ ఫ్యాక్టరీ కార్మికుడు. సినిమా ప్రపంచమంతా తిరిగింది. ఆయన పనిలోకి వెనక్కి వెళ్తే కొన్నాళ్లకి ఉద్యోగం పోయింది, సినిమాల్లో చిన్నాచితకా వేషాలు తప్ప రాలేదు. ఉద్యోగం పోగొట్టుకున్నవాడి వేషం వేసి, తర్వాత నిజంగానే ఉద్యోగం పోగొట్టుకున్నాడు. మీరా నాయర్ వాళ్లు 'సలాం బాంబే' (1988) తీశాక సలాం బాలక్ ట్రస్ట్ పెట్టారు, సినిమాలో వేసిన వీధి పిల్లల గురించి ఆలోచించినందుకు. అలాంటివాళ్లు తక్కువ. చదువు మానకు.

ఒక్కటేమాట

అగ్రిమెంటు చదవమన్నది ఇందుకే.

రంగులపెట్టె

పాతరీలు గారూ, మీరు రాసినందుకు కృతజ్ఞతలు. నేను నా పిల్లలకి చదివి వినిపిస్తాను, మీకు అభ్యంతరం లేకపోతే.

పాతరీలు

వినిపించండి మేడమ్.

కొత్తముఖం

(ఎనిమిది వారాల తర్వాత)

షూటింగ్‌లో నాలుగో రోజు. ఫోన్లు సాయంత్రం వరకూ ఇవ్వరు, అందుకే ఇప్పుడు.

పాతరీలు గారూ, మీ పోస్టు దర్శకుడికి చూపించాను. రెండుసార్లు చదివారు. "నా ఇంటివాళ్ల పేరు తీసుకుని ఏమీ చెయ్యొద్దు, మిగతాది ఎలాగైనా తియ్యండి" అన్నాను. అగ్రిమెంటులో రాయించమంటే నవ్వుతారేమో అనుకున్నాను, ఆయనే రాయించారు.

మొదటి రోజు మొదటి షాట్: తలుపు తీసుకుని వచ్చి మిషన్ ముందు కూర్చోవాలి. పదకొండు టేకులు! తలుపు తియ్యడం ఇంత కష్టమా? ఫోకస్ చూసే అన్న టేపు తెచ్చి నా ముక్కు దాకా కొలుస్తుంటే నాకు నవ్వాగలేదు. "రోల్ సౌండ్" అనగానే గుండె కొట్టుకోవడం నాకే వినిపించింది, బూమ్‌కర్ర గారూ, మీవాళ్లకీ వినిపించిందేమో. ఏడో టేక్ దగ్గర నీరసం వచ్చి, తలుపు గురించి ఆలోచించడం మానేసి, బాబిన్‌లో దారం ఉందో లేదో చూసుకోవాలని తొందరగా వచ్చి కూర్చున్నాను. తర్వాత నాలుగు టేకులు తీశారు గానీ ఏడోదే ఓకే చేశారట.

తాతయ్యగా వేసేది పాత నాటక నటులు. ప్రతిసారీ అదే మాట దగ్గర తల తిప్పుతారు, వెంట్రుకవాసి తేడా ఉండదు. నేను ప్రతిసారీ వేరేగా చేస్తాను. కంటిన్యుటీ అక్క జుట్టు పీక్కుంటోంది. కానీ నిన్న నా క్లోజప్‌కి పిడికిలి పెడతామంటే ఆయన ఒప్పుకోలేదు. తెరమీద ఆయన లేకపోయినా కెమెరా పక్కన ఇరుకులో ముక్కాలిపీట వేసుకుని కూర్చుని, మొత్తం సీన్ నాకోసం పూర్తిగా నటించారు. మూడోగంట గారూ, మీరన్నది నాకు కొంచెం అర్థమైంది.

మూడోగంట

ఆ పెద్దాయనకి నా దండాలు చెప్పమ్మా.

తెరవెనుక

పదకొండు టేకులంటే బాగానే చేశావు. మిషన్ చప్పుడులో డైలాగులు ఎలా తీస్తున్నారు?

కొత్తముఖం

మాట వచ్చే ముందు తొక్కడం ఆపమన్నారు. కుట్టేవాళ్లు మాట్లాడాలంటే నిజంగానే ఆపుతారు కదా, కాబట్టి ఇబ్బంది లేదు. మిషన్ చప్పుడు తర్వాత విడిగా తీసుకున్నారు, ఇరవై నిమిషాలు ఒక్కదాన్నే తొక్కాను.

కొత్తముఖం

(పన్నెండు రోజుల తర్వాత)

నిన్న అసలు సీన్ అయింది. చెప్పకపోతే నిద్ర పట్టదు.

పక్కింటావిడ వచ్చి ఏదో చెబుతుంది, ఏం చెబుతుందో నాకు చెప్పలేదు. నాకు ఇచ్చిన పని: ఆవిడ వెళ్లేలోపు కాలర్ కుట్టడం పూర్తి చెయ్యాలి, ఆవిడ ఏది చెప్పినా "అవునా" అని మాత్రమే అనాలి. మొదలయ్యింది. సగం కాలర్ దగ్గర సూదిలోంచి దారం జారిపోయింది. ఆపుదామనుకున్నాను, కట్ వినబడలేదు. కత్తెర గారి మాట గుర్తొచ్చి ఆ ఇంట్లోనే ఉండిపోయాను. దారం నోట్లో తడిపి ఎక్కించబోయాను. దూరలేదు. రెండోసారి దూరలేదు. ఆవిడ అప్పుడే, మీ నాన్న అక్కడ వేరే సంసారం పెట్టుకున్నాడనీ ఇక రాడనీ చెప్పింది. నాకు దారమే కనిపిస్తోంది. మూడోసారీ దూరలేదు. "అవునా" అనాలని మర్చిపోయాను. నాలుగోసారి ఎక్కింది, అప్పుడన్నాను. ఆవిడ అప్పటికే గుమ్మం దాటింది.

కట్ చెప్పాక కాసేపు ఎవరూ ఏమీ మాట్లాడలేదు.

తర్వాత జాగ్రత్త కోసం ఇంకో రెండు టేకులన్నారు. రెండోదాంట్లో దారం జారలేదు, అంతా సాఫీగా అయిపోయింది, ఏమీ లేదు. మూడోదాంట్లో నేనే కావాలని జార్చాను. మానిటర్‌లో చూస్తే సిగ్గేసింది. దొంగతనం చేస్తూ దొరికిపోయినట్టుంది.

కత్తెర

ఆ మొదటి టేక్ నా టేబుల్ మీదికొస్తే ముట్టుకోకుండా అలాగే వదిలేస్తాను. మధ్యలో తాతయ్య షాట్ వెయ్యాలని ఎవరో ఒకరు తప్పకుండా అంటారు. వద్దని నా మాటగా చెప్పు.

రంగులపెట్టె

మూడో టేక్ గురించి సిగ్గుపడకు. మొదటి టేక్ నీకు దొరికింది, మూడోదాంట్లో నువ్వు దాన్ని మళ్లీ తేవాలని చూశావు. రాలేదు. కావాలని జార్చినా నిజంగా జారినట్టు ఉండటం ఎలాగో, రేపు అడిగినా ఎల్లుండి అడిగినా తేవడం ఎలాగో, మేం ఇరవై ఏళ్లుగా నేర్పుతున్నది, మేమే సరిగ్గా నేర్చుకోలేకపోతున్నది అదే. సినిమా అయ్యాక నీకు ఓపికుంటే ఏదైనా నాటక బృందంలో చేరు. ఇప్పుడు చేరితే పాడవ్వవు.

చివరివరుస

రెండు నెలల క్రితం వద్దన్నది మీరే కదా మేడమ్ :)

రంగులపెట్టె

అప్పుడు అడగాల్సిన ప్రశ్న ఆ పిల్ల దగ్గర లేదు. ఇప్పుడుంది.

పాతరీలు

ఆ వార్త కథలో నాన్న గురించే కదా? నిన్ను ఎవరూ మోసం చెయ్యలేదుగా?

కొత్తముఖం

లేదండీ. కట్ అవ్వగానే పక్కింటావిడగా వేసిన ఆంటీ పరిగెత్తుకొచ్చి పట్టుకున్నారు, ఆవిడే ఏడ్చారు. నేను బాగానే ఉన్నాను. మా అసలు నాన్నకి ఫోన్ చేసి దారం సంగతి చెబితే "నీకు సూదిలో దారం ఎక్కించడం చిన్నప్పటి నుంచీ రాదు" అన్నారు.

కొత్తముఖం

(అయిదు నెలల తర్వాత)

ఎవరైనా ఇంకా ఇటు చూస్తున్నారా? మొన్న ఎడిట్ అయిన సినిమా చూపించారు. ఇంకా మ్యూజిక్ కలపలేదు, బహుశా కలపరట కూడా. మొదటి ఇరవై నిమిషాలు నా ముఖం తప్ప ఏమీ చూడలేకపోయాను, అన్నీ తప్పులే. ఆ తర్వాత ఎప్పుడో నన్ను మర్చిపోయి ఆ పిల్లకి ఏమవుతుందోనని చూడటం మొదలుపెట్టాను. దారం సీన్ మొదటి టేకే ఉంచారు. కత్తెర గారూ, తాతయ్య షాట్ వెయ్యలేదు. కానీ నాకెంతో ఇష్టమైన బావి సీన్ మొత్తం తీసేశారు, రెండు రోజులు తీసింది.

ఇంకో ఇద్దరు దర్శకులు ఫోన్ చేశారు. ఇద్దరూ "ఆ కుట్టే పిల్లలాగే" ఉండే వేషం అన్నారు. ఒకాయన కథ కూడా చెప్పకుండా "నువ్వు నీలా ఉంటే చాలు" అన్నారు. నేనేం పని చేస్తుంటానని అడిగాను. ఆలోచించి చెబుతానన్నారు, మళ్లీ చెయ్యలేదు.

పరీక్షలు రాశాను. మిషన్ ఇంటికి తెచ్చుకున్నాను, యూనిట్ వాళ్లే ఇచ్చేశారు.

తెరవెనుక

బావి సీన్ పోవడం మామూలే. ప్రతి సినిమాలో మనకి నచ్చిందే పోతుంది.

బూమ్‌కర్ర

అన్నీ రాశావు గానీ నేను చెప్పిన సంగతి మాత్రం రాయలేదు. రూమ్ టోన్ తీసేటప్పుడు ఎవరు కదిలారు?

కొత్తముఖం

నేనే. ముక్కాలిపీట కిర్రుమంది. అందరికంటే ముందు తాతయ్య నవ్వారు, దాంతో మళ్లీ తీశారు.